సిరి: ఒక ఆడపిల్ల పేరు పుట్టుపూర్వోత్తరాలు
(స్మారకోపన్యాస పాఠం)

  పెద్ద విషయం ఎత్తుకోవడం లేదు. ఒకే ఒక్క ఆడపిల్ల పేరు గురించి మాట్లాడతాను. ఆ పేరు సిరి. ఇవాళ తెలుగు ఇళ్లలో ఈ పేరు బాగా వినిపిస్తోంది. ఒంటిగా సిరి అనీ, సిరిచందన, సిరివెన్నెల, సిరిహాసిని అంటూ జంటపేరుగానూ పెట్టుకుంటున్నారు. విన్నవాళ్లు దీన్ని రెండు విధాలుగా అర్థం చేసుకుంటారు. శ్రీ అనే నిండైన పేరును ముద్దుకోసం మెత్తబరుచుకున్న కొత్తకాలపు పేరని కొందరంటారు. ఇంట లక్ష్మి పుట్టింది, మెట్టినింటికి కలిమి తెస్తుంది అన్న దీవెనే దీని అర్థమని మరికొందరంటారు. ఈ రెండు వివరణలూ పేరుకు అన్యాయం చేస్తున్నాయని నా అభిప్రాయం. సిరి కొత్త పేరు కాదు. ఈ నేల మీద ఆడవాళ్లు తమ పేర్లను రాతి మీద చెక్కించుకున్న తొలిరోజుల్లోనే వాళ్ల పేర్లలో ఉన్న మాట. ఆ ఆడవాళ్లు చేసిన పనులను బట్టి చూస్తే దాని అర్థం ఇంకొకరి ఇంటికి కలిమి మోసుకుపోయే పిల్ల అని కాదు. కలిమి తన చేతిలో ఉండి, తన ఇష్టప్రకారం దాన్ని ఇవ్వగలిగిన మనిషి అని. దీన్ని సాక్ష్యాలతో నిలబెట్టే ప్రయత్నం చేస్తాను. రాగల అభ్యంతరాలకు జవాబు కూడా చెబుతాను.

ముందు మాట సంగతి చూద్దాం. ఋగ్వేదంలో శ్రీ అంటే ఇంకా దేవత కాదు. వెలుగు, శోభ, ఒక వస్తువుకో మనిషికో ఉండే నిండుదనం. ఆమెను దేవతగా స్తుతించే శ్రీసూక్తం ఋగ్వేదానికి పరిశిష్టంగా చేరిన ఖిలభాగంలోది. ఆ రెంటికీ నడుమ శతపథబ్రాహ్మణం 11వ కాండలో ఒక కథ ఉంది. సృష్టి చేసి అలసిన ప్రజాపతిలోంచి శ్రీ వెలువడింది. మెరిసిపోతున్న ఆమెను చూసి దేవతలు ఓర్వలేకపోయారు. చంపి ఆమె దగ్గరున్నవన్నీ తీసుకుంటామన్నారు. స్త్రీని చంపరాదు, ప్రాణం మిగిల్చి మిగతావి తీసుకోండి అన్నాడు ప్రజాపతి. అన్నం అగ్ని తీసుకున్నాడు, రాజ్యం సోముడు, సామ్రాజ్యం వరుణుడు, బలం ఇంద్రుడు, పుష్టి సరస్వతి. ఇలా ఒక్కొక్కరు ఒక్కొక్కటి పట్టుకుపోయారు. ఆమె యజ్ఞం చేసి అవన్నీ తిరిగి రాబట్టుకుంది. ఈ కథను యాగవిధిని వివరించడానికే చెప్పారు, నిజమే. అయినా మన విషయానికి ఇందులో ఒక ముఖ్యమైన సంగతి ఉంది. శ్రీ ఇక్కడ ఎవరి భార్యా కాదు. ఎవరి ఇంటికీ కలిమిగా రాలేదు. కలిమి ఆమెదే. దాన్ని ఇతరులు లాక్కున్నారు, తిరిగి తెచ్చుకున్నదీ ఆమే. విష్ణువు గుండె మీద నివాసం, సముద్రమథనం, కమలాసనం అన్నీ ఆ తర్వాత కూడిన కథలు.

శ్రీ సిరి ఎలా అయిందన్నదానికి చిక్కేమీ లేదు. మొదట్లో ఉన్న సంయుక్తాక్షరాన్ని ప్రాకృతాలు సహించవు. మధ్యన ఒక అచ్చును చేర్చి విడదీస్తాయి. శ్రీ, హ్రీ వంటి మాటల్లో అలా ఇకారం వస్తుందని వరరుచి ప్రాకృతప్రకాశం సూత్రం చేసింది. శ్రీ సిరి అయింది, హ్రీ హిరి అయింది. ఇక్కడ మనం గుర్తుంచుకోవలసింది కాలం. మన ప్రాంతంలో రాతి మీదా లోహం మీదా ముందు కనబడేది సిరి, తర్వాత శ్రీ. జగిత్యాల జిల్లాలో గోదావరి ఒడ్డున ఉన్న కోటిలింగాలలో దొరికిన నాణేల మీద తొలి సాతవాహనుడి పేరు సిరి ఛిముక. గౌతమీపుత్ర శాతకర్ణి తర్వాతి రాజుల వెండి నాణేల మీద ఒకవైపు రాజు తలబొమ్మ చుట్టూ ప్రాకృతంలో సిరి సాతకణి అని ఉంటుంది. రెండోవైపు దక్షిణాది భాషలో అదే పేరు తిరు హాతకణి అని ఉంటుంది. అంటే ఒకే నాణెం మీద సిరి, తిరు రెండూ పక్కపక్కనే నడిచాయి. తిరుమల, తిరుపతి అంటున్నప్పుడల్లా మనం ఆ రెండోదాన్ని పలుకుతున్నాం. సంస్కృతంలో శాసనాలు రాయించడం ఈ ప్రాంతంలో ఇక్ష్వాకుల కాలానికి గాని వాడుకలోకి రాలేదు. కాబట్టి సిరిని శ్రీకి అరిగిపోయిన రూపంగా చూడడం వ్యాకరణం దృష్టిలో సరైనదే కావచ్చు. ఈ నేల చరిత్ర దృష్టిలో మాత్రం వరస తలకిందులైంది. ఇక్కడి వాళ్లు మొదట రాసుకున్నదీ, చదువుకున్నదీ సిరినే.

ఆడవాళ్ల పేర్ల విషయానికి వస్తే తొలి సాక్ష్యం మన ప్రాంతం బయట ఉంది. మధ్యప్రదేశ్‌లోని భార్హుత్ స్తూపం చుట్టూ ఉన్న రాతి కంచె మీద నిలబడిన ఒక స్త్రీమూర్తి పక్కన సిరిమా దేవత అని పేరు చెక్కి ఉంది. క్రీస్తుపూర్వం 2వ శతాబ్దిది. ఇవాళ కోల్‌కతాలోని ఇండియన్ మ్యూజియంలో ఉంది. సిరిమా అంటే సిరి గలది. బౌద్ధ వాఙ్మయంలో అదే పేరుతో రాజగృహ నగరంలో ఒక గణిక ఉంది, ఆమె జీవకుడి చెల్లెలు. దేవతకూ, గణికకూ ఒకే పేరు ఉందంటే అది అప్పటికే జనం మధ్య తిరుగుతున్న మాట అన్నమాట. ఆ తర్వాత నాసిక్ గుహలో గౌతమీపుత్ర శాతకర్ణి తల్లి వేయించిన శాసనం వస్తుంది. ఆమె మనుమడు పులుమావి 19వ పాలనా సంవత్సరంలో ఒక గుహను భదావనీయ భిక్షువులకు ఇచ్చింది. కొడుకు గొప్పతనాన్ని ఆ శాసనం వర్ణించిన తీరు గురించి చరిత్రకారులు ఎంతో రాశారు. దానం చేసిన మనిషి పేరును మాత్రం రాసినట్టుగా పలకడం మానేశారు. రాతి మీద ఆమె గోతమీ బలసిరి. మన పుస్తకాలలో గౌతమీ బాలశ్రీ.

ఇక నాగార్జునకొండ. నా వాదనకు ఆయువుపట్టు అక్కడే ఉంది కాబట్టి కొంచెం ఎక్కువసేపు నిలబడతాను. 1926లో రంగస్వామి సరస్వతి ఆ లోయలోని శిథిలాలను వెలుగులోకి తెచ్చారు. మరుసటి సంవత్సరం నుంచి లాంగ్‌హర్స్ట్ తవ్వించారు. ఓగెల్ శాసనాలు చదివి ఎపిగ్రాఫియా ఇండికాలో ప్రకటించారు. నాగార్జునసాగర్ నీళ్లు ఆ లోయను ముంచేలోపు 1954 నుంచి మరోసారి తవ్వకాలు జరిగాయి. బయటపడిన శాసనాలలో ఎక్కువ భాగం దానశాసనాలు. ఆ దాతల్లో ప్రముఖంగా కనిపించేది ఆడవాళ్లు. ఆ ఆడవాళ్ల పేర్ల చివర మళ్లీ మళ్లీ వినబడే మాట సిరి. చాంతిసిరి, హంమసిరి, అడవి చాంతిసిరి, బాపిసిరిణిక, ఛఠిసిరిణిక, చుల చాంతిసిరిణిక, కొడబలిసిరి, బోధిసిరి. ఇందులో ముందుమాటలు వేరువేరు. ఛఠి అంటే పురుటింటి ఆరోరోజు దేవత షష్ఠి. అడవి అన్న మాటను ఇవాళ్టి తెలుగువాడికి విడమరచి చెప్పనక్కర్లేదు. చుల అంటే చిన్న, ఇంట్లో ఇద్దరు చాంతిసిరులు ఉంటే చిన్నామెను అలా పిలిచారనుకోవచ్చు. చివర వచ్చే ణిక ముద్దుకు చేర్చింది కావచ్చు. వీటన్నిటినీ కలిపేది సిరి ఒక్కటే.

చాంతిసిరి శాసనాన్ని దగ్గరగా చూడాలి. ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుని 6వ పాలనా సంవత్సరంలో మహాచైత్యం దగ్గర ఆయక స్తంభాలు ఎత్తించినప్పటిది. చైత్యానికి నాలుగు దిక్కులా ఒక్కొక్కచోట అయిదేసి స్తంభాలు నిలబెట్టడం ఆంధ్రదేశపు ఆచారం. ఒకే పాఠం కొద్దిపాటి తేడాలతో అనేక స్తంభాల మీద చెక్కారు. అందులో ఆమె చాంతమూల మహారాజుకు తోడబుట్టినది, పూకీయ వంశపు మహాతలవరుడు ఖందసిరి భార్య, ఖందసాగరంణకుడి తల్లి. రాజు వీరపురుషదత్తుడు ఆమె అల్లుడు. అంతవరకూ బంధుత్వాలు. తర్వాత వచ్చేది ఆమె గురించి. శ్రమణులకు, బ్రాహ్మణులకు, దీనులకు, బిచ్చగాళ్లకు ఎడతెగని ధారగా ఇచ్చేది, సాధువులందరి మీదా వాత్సల్యం గలది, మహాదానపతిని. దానపతి అన్న పురుష పదానికి స్త్రీ ప్రత్యయం చేర్చి బిరుదుగా నిలిపారు. బౌద్ధ వాఙ్మయంలో దానానికి కొలమానంగా చెప్పే వేలాముడి దానంతో ఆమె దానాన్ని పోల్చారు. చివర ఫలితం ఎవరికి కోరిందో కూడా ఉంది. అల్లుడి ఆయుష్షుకూ విజయానికీ, తనకు ఇహపరాల మేలుకూ. ఇదే శాసనంలో రాజు పేరు సిరి వీరపురిసదత అని ఉంది. ఒకే రాతి మీద ఒకే మాట రెండు స్థానాల్లో ఉందన్నమాట. రాజుకు అది ముందు వచ్చే గౌరవవాచకం. తీసేసినా పేరు పేరుగానే ఉంటుంది. చాంతిసిరికి అది పేరులోనే భాగం. తీసేస్తే పేరే మిగలదు.

రాజకుటుంబపు స్త్రీల సంగతి అలా ఉంచి బోధిసిరిని చూద్దాం. ఆమె రాణి కాదు, గోవగామానికి చెందిన గృహపతుల కుటుంబపు ఉపాసిక. నాహరాళ్లబోడు అని ఇటీవలి దాకా ఊరివాళ్లు పిలిచిన గుట్ట మీద, అప్పట్లో చుల ధమ్మగిరి, అర్ధవృత్తాకారపు చైత్యగృహం నేల పలకల మీద ఆమె శాసనం ఉంది. వీరపురుషదత్తుని 14వ సంవత్సరం. కాశ్మీర, గాంధార, చీన, తోసలి, వంగ, వనవాసి, యవన, దమిళ, తంబపంణి దేశాల వాళ్లలో ప్రసన్నత కలిగించిన సింహళ థేరులకు ఆ చైత్యగృహాన్ని ఇచ్చింది. అక్కడితో ఆగలేదు. తాను చేయించిన మిగతా పనుల జాబితా కూడా అదే శాసనంలో చెక్కించింది. సింహళ విహారంలో బోధివృక్షానికి మందిరం, పూర్వశైలంలో చెరువు, మండపం, కంటకసేల మహాచైత్యం తూర్పు ద్వారం దగ్గర రాతి మండపం, పాపిలలో, హిరుముఠువలో భిక్షువులకు గదులు. కంటకసేల అంటే ఇవాళ్టి కృష్ణా జిల్లా ఘంటసాల. కృష్ణ పొడవునా సముద్రతీరం దాకా ఒక గృహస్థురాలి డబ్బు కట్టడాలుగా పరుచుకుంది. చెరువు తవ్వించడానికి ఎంత మట్టి ఎత్తాలో, ఒక్కొక్క చోట పనివాళ్లను ఎవరు పురమాయించారో ఆలోచిస్తే ఇది పూజగదిలో కూర్చుని చేసిన దానం కాదని తెలుస్తుంది. ఆ రాళ్లు చెక్కిన శిల్పి విధికుడి పేరును కూడా శాసనం చివర వదలకుండా రాయించారు. ఆమె పేరు బోధిసిరి. ఆ శాసనం ఇక్ష్వాకుల రాజధాని విజయపురి ఉన్న కొండను పిలిచిన పేరు సిరిపవత.

ఇక్కడ మొదటి అభ్యంతరం వస్తుంది. సిరి అనేది ఆడవాళ్ల పేరని ఎలా అంటారు, చాంతిసిరి భర్త పేరే ఖందసిరి కదా అని. న్యాయమైన ప్రశ్న. సిరి చివర వచ్చే పేర్లు మగవాళ్లకు కూడా ఉన్నాయి, దాచవలసిన పనిలేదు. సిరి అనేది స్త్రీలింగానికి గుర్తని నేను అనడం లేదు. ఇక్ష్వాకుల కుటుంబంలో తరాల వెంబడి అత్తకూ, కోడళ్లకూ, కూతుళ్లకూ, మనుమరాలికీ ఈ మాటను ఎంచుకుని పెట్టారన్నదే నా మాట. కుటుంబపు మగవాళ్ల పేర్లు చాంతమూల, వీరపురిసదత, ఎహువుల చాంతమూల, రుళుపురిసదత. రాజుల పేర్లకు సిరి బయటి అలంకారం. ఆడవాళ్ల పేర్లకు లోపలి ఎముక. ఖందసిరి వంటి ఒకటి రెండు పేర్లు ఈ తేడాను చెరపలేవు. పైగా అవి ఇంకో విషయాన్ని కూడా చెబుతున్నాయి: కలిమి మగవాడికో ఆడదానికో ప్రత్యేకమని ఆ కాలపు పేర్లు అనుకోలేదు.

రెండో అభ్యంతరం ఇంతకంటే బరువైనది. ఈ దానాలు నిజంగా ఆడవాళ్లవేనా, మగవాళ్ల సొత్తును వాళ్ల పేరిట ఇచ్చారా అని. ప్రతి శాసనంలోనూ వాళ్లను ఎవరి చెల్లెలు, ఎవరి భార్య, ఎవరి తల్లి అనే చెప్పారు, అది నిజం. అయితే రెండు సాక్ష్యాలు గమనించాలి. మొదటిది మతం. మొదటి చాంతమూలుడు అగ్నిష్టోమ, వాజపేయ, అశ్వమేధాలు చేసిన వైదికుడు, మహాసేనుడి భక్తుడు. అతని తోడబుట్టిన చాంతిసిరి, కూతురు అడవి చాంతిసిరి మహాచైత్యానికి ఇచ్చారు. మనుమరాలు కొడబలిసిరి వనవాస మహారాజు రాణి అయ్యాక కూడా, తమ్ముడో అన్నో అయిన ఎహువుల చాంతమూలుని 11వ సంవత్సరంలో మహీశాసక శాఖ బౌద్ధ ఆచార్యులకు విహారం కట్టించింది. ఇంటి పెద్ద నమ్మింది ఒకటి, ఇంటి ఆడవాళ్లు డబ్బు పెట్టింది మరొకటి. తమది కాని సొత్తు అయితే ఇంత స్వతంత్రంగా మరోచోటికి మళ్లించడం కుదిరేది కాదు. రెండో సాక్ష్యం రుద్రధర భట్టారికది. ఉజ్జయిని నుంచి వచ్చిన ఆ రాణి శాసనంలో స్తంభంతో పాటు 170 దీనారి మాషకాలు ఇచ్చినట్టు లెక్కతో సహా ఉంది. పుట్టింటివాళ్లు దూరాన ఉన్న రాణి కూడా నాణేలు లెక్కపెట్టి తన పేరిట ఇచ్చింది. బంధుత్వాలు చెప్పడాన్ని ఆధీనతకు గుర్తుగానే చదవనక్కర్లేదు. ఆ కాలపు రాజులు కూడా తమను మాఢరీపుత్రుడు, వాసిష్ఠీపుత్రుడు అంటూ తల్లుల పేర్లతోనే చెప్పుకున్నారు. వీరపురుషదత్తుడు మాఢరీపుత్రుడైనంత మాత్రాన తల్లికి లోబడి పాలించాడని ఎవరూ అనరు.

మరి ఈ అర్థం ఎలా మరుగునపడింది? తెలుగు కావ్యభాషను చూస్తే జవాబు కొంత దొరుకుతుంది. సిరి అన్న మాట కావ్యాల్లో పుష్కలంగా ఉంది, ఎక్కువగా సమాసాల్లో. సిరిమగడు, సిరివరుడు అంటే విష్ణువు. సిరిపట్టి అంటే మన్మథుడు. అంటే ఆమె పేరు వాడేది ఆమె భర్తనో కొడుకునో చెప్పడానికి. గజేంద్రుణ్ణి కాపాడడానికి విష్ణువు పరుగెత్తే ఘట్టంలో పోతన లక్ష్మిని సిరి అనే అన్నాడు. అక్కడ ఆమె, భర్త తనకు చెప్పకుండా వెళ్లిపోతే వెనక నడిచిన ఇల్లాలు. ఆ పద్యం అందం గురించి నాకు ఏ అనుమానమూ లేదు. కానీ శాసనంలో వాక్యానికి కర్తగా ఉన్న మాట కావ్యంలో మరొకరికి విశేషణమైపోయిందన్నది కూడా నిజం. దీనికి తోడు సుమతీశతకం సిరికి నిలకడ లేదని పిల్లలకు బోధించింది. సిరి రా మోకాలొడ్డినట్టు అన్న సామెతలో కూడా సిరి బయటినుంచి గడప దాకా వచ్చేదే. వచ్చేది, పోయేది, ఇంకొకరి గడప తొక్కేది. ఆడపిల్లను కూడా మనం ఈ మూడు క్రియలతోనే చెప్పుకుంటూ వచ్చాం కాబట్టి, మాటా పిల్లా ఒక్కటైపోయాయి. అందుకే పేరు పెట్టేటప్పుడు మెట్టినింటికి కలిమి తెస్తుందని దీవించడం అంత సహజంగా అనిపిస్తోంది.

చపలత్వం గురించి పాత కథ ఒకటి వేరుగా చెబుతుంది. సిరికాలకణ్ణి జాతకంలో సిరి, కాలకణ్ణి అనే ఇద్దరు దేవకన్యలు స్నానానికి ముందు ఎవరు దిగాలని తగువుపడి ఒక శ్రేష్ఠి దగ్గరికి తీర్పుకు వస్తారు. నీకెలాంటి మనుషులు ఇష్టమని ఆయన అడిగితే, కష్టపడేవాళ్లు, ఉన్నది పంచిపెట్టేవాళ్లు, గర్వం లేనివాళ్లు అంటుంది సిరి. అంటే సిరి పోతే అది ఆమె నిలకడలేమి కాదు, ఉంచుకోలేని మనిషి నడవడి. ఎంచుకునే హక్కు ఆమెది. ఈ కథను, చాంతిసిరి శాసనాన్ని పక్కపక్కన పెట్టి చదివితే ఆ కాలంలో ఈ పేరు విన్నవాళ్లకు ఏం తోచి ఉంటుందో మనకు కొంత అందుతుంది.

మూడో అభ్యంతరం: 3వ శతాబ్ది పేరుకూ ఇవాళ్టి పేరుకూ మధ్య ఉన్న ఖాళీ సంగతేమిటి? ఇవాళ సిరి అని పెట్టుకునే తల్లిదండ్రులు నాగార్జునకొండ శాసనం చదివి పెట్టుకోవడం లేదు కదా? లేదు. తల్లి నుంచి కూతురికి తెగకుండా వచ్చిన ఆచారం అని నేను వాదించడం లేదు. తెగనిది మాట. సిరిసంపదలు, సిరిమంతుడు, సిరిమల్లె, సిరిమువ్వ అంటూ ఇది నోళ్లలో బతికే ఉంది. సిరిసిల్ల, సిరివెళ్ల వంటి ఊళ్ల పేర్లలో వినబడుతోంది. విజయనగరంలో పైడితల్లి అమ్మవారి జాతరకు ఆయువైన మాను పేరు సిరిమాను. శ్రీశైలానికి సిరిగిరి అని మరో పేరు. పేరుకు కావలసిన ముడిసరుకు ఎప్పుడూ ఇంట్లోనే ఉంది. ఈ తరం దాన్ని మళ్లీ పిల్ల మీద ఉంచింది. చుట్టుపక్కల మాత్రం ఈ మాట ఆడపేరుగా తెగనేలేదు. బోధిసిరి దానం అందుకున్న థేరుల దేశమైన సింహళంలో సిరిమా అన్న పేరు నిలిచింది. 1960లో ప్రపంచంలో తొలి మహిళా ప్రధాని అయిన సిరిమావో బండారనాయకే అసలు పేరు సిరిమానే, చివరి అక్షరం గౌరవానికి చేరింది. భార్హుత్ రాతి మీది పేరు అక్షరం తేడా లేకుండా 20వ శతాబ్దంలో ఒక దేశాన్ని పాలించింది. థాయ్‌లాండ్ రాజకుటుంబంలో సిరికిత్, సిరింధోర్న్ పేర్లలో ఉన్నదీ పాలీ సిరే.

ఇంకా దగ్గరగా తుళునాడు ఉంది. అక్కడ ఆడవాళ్లు పాడుకునే మహాగాథకు నాయిక సిరి. గోపాల నాయక్ అనే గాయకుడు పాడిన పాఠాన్ని ఫిన్లాండ్ జానపద పండితుడు లౌరి హోంకో బృందం రికార్డు చేసి 1998లో ప్రచురించింది. 15,683 పాదాల గాథ అది. అందులో సిరి ఆళ్వ వంశపు తాత ఇంట పోకపూవు ప్రసాదంగా పుట్టింది. పెళ్లయ్యాక భర్త చేసిన అవమానాన్ని భరించలేదు. తానే అతనికి విడాకులిచ్చి, పసిబిడ్డతో ఇల్లు విడిచి నడిచిపోయింది. ఏటేటా జరిగే సిరి జాతరల్లో ఎందరో స్త్రీల మీద ఆమె పూనుతుంది. తమ ఇళ్లలో నోరు విప్పలేని సంగతులు ఆ రాత్రి బయటికి చెబుతారు. శాసనాల సిరికి, ఈ సిరికి నేరుగా చుట్టరికం కట్టడం నా ఉద్దేశం కాదు. కలిమి అని అర్థమిచ్చే పేరు గల స్త్రీ తన నిర్ణయం తాను తీసుకునే మనిషిగా ఇంకోచోట, ఇంకో కాలంలో కూడా జనం ఊహలో నిలబడిందని చెప్పడానికి ఇంతకంటే బలమైన ఉదాహరణ నాకు కనబడలేదు.

పోలికల వల్ల కలిగే పొరపాట్ల గురించి క్లుప్తంగా చెప్పి దాటేస్తాను. శిరీషకూ సిరికీ సంబంధం లేదు, శిరీషం దిరిసెన పువ్వు. నార్వే, స్వీడన్ దేశాల్లో సిరి అనే ఆడపేరు ఉంది. అది సిగ్రిడ్ అన్న పాత పేరుకు కుదింపు, విజయం, అందం అన్న రెండు మాటల కలయిక. మన మాటతో ధ్వని తప్ప మరేమీ కలవదు. 2011లో ఐఫోన్‌లో మాట్లాడే సహాయకురాలికి వచ్చిన పేరు ఆ కోవలోదే. ఆ సంస్థను మొదలుపెట్టినవారిలో ఒకరికి నార్వే మూలాలున్నాయి. విదేశాల్లో ఉన్న తెలుగు తల్లిదండ్రులు బడిలో పిల్లను ఏడిపిస్తారేమోనని ఈ పేరు పెట్టడానికి వెనకాడితే ఆ బాధ అర్థం చేసుకోదగినదే. కానీ ఒక పరికరం ఆయువు ఎంత, భార్హుత్ రాతి ఆయువు ఎంత అని ఒక్కసారి ఆలోచించమని వాళ్లను కోరుతున్నాను.

మిగిలింది సిరి అశుద్ధం, శ్రీ శుద్ధం అనే మాట. దీన్ని పేర్లు పెట్టే పురోహితులు, అక్షరసంఖ్యల వాళ్లు మాత్రమే అంటే పట్టించుకోనక్కర్లేదు. మన చరిత్ర పుస్తకాలే ఆ పని చేశాయి. చాంతిసిరిని శాంతిశ్రీ చేశాం. శాంతి ప్రాకృతంలో సంతి అవుతుంది, చాంతి కావడం కష్టం. క్షాంతి అనుకుంటే కొంత నయం. అంటే సంస్కరించామనుకుంటూ ఆమెకు లేని పేరు తగిలించాం. బోధిసిరి బోధిశ్రీ అయింది, బాపిసిరి బాపిశ్రీ, ఛఠిసిరి షష్ఠిశ్రీ. అశోకుడి శాసనాల్లో ఉన్న పియదసిని ప్రియదర్శి అన్నట్టే ఇదీ, అర్థం తెలియడానికే కదా అని సమర్థించవచ్చు. సంస్కృత రూపం వివరణగా ఇవ్వడం తప్పు కాదు, నేనూ ఈ ప్రసంగంలో వీరపురుషదత్తుడు అనే అన్నాను. తేడా ఏమిటంటే రాజు తన పేరును ఎలా పలకాలన్నది ఎన్నో శాసనాలూ నాణేలూ చెబుతాయి. బోధిసిరి పేరు మనకు తెలిసింది ఆ ఒక్క గుట్ట మీది రాతి వల్ల. తన డబ్బుతో, తన మాటల్లో, తాను పలికే పద్ధతిలో చెక్కించుకున్న పేరు అది. ఆమె తన గురించి మనకు వదిలిన సొంత సాక్ష్యం అంతకంటే లేదు. దాన్ని సరిదిద్దే అధికారం మనకు ఎవరు ఇచ్చారు?

కాబట్టి ఈ సభ ద్వారా ఒక కోరిక విన్నవిస్తున్నాను. రెండు తెలుగు రాష్ట్రాల పాఠ్యపుస్తకాల్లో, నాగార్జునకొండ దీవి మీది మ్యూజియం పలకల మీద, ఇకముందు రాసే చరిత్ర గ్రంథాల్లో ఈ స్త్రీల పేర్లు శాసనంలో ఉన్నట్టే ముందు అచ్చువేయాలి. బలసిరి, చాంతిసిరి, అడవి చాంతిసిరి, కొడబలిసిరి, బోధిసిరి అని. సంస్కృత రూపం కావాలంటే కింద వివరణగా రావచ్చు. ఇవాళ ఆరో తరగతిలో హాజరు పలికే సిరి అనే పిల్ల, చరిత్ర పాఠంలో చెరువు తవ్వించిన మనిషి పేరు చదివినప్పుడు ఆ మాట తనదేనని ఎవరూ చెప్పకుండానే పోల్చుకోవాలి.